త్యాగం అడిగే హక్కు, సినిమా చేసే సాయం (వరుస వ్యాసాలు, 11వ భాగం)



ఆదివారం ఆదివారం లింగంపల్లిలో మేం నడుపుకునే చదువు కూటమికి వచ్చే ఒక చెల్లె మొన్న అడిగింది. "అన్నా, సినిమాలు, ఓటీటీలు, రీల్స్ సమాజం మీద ఎంత ప్రభావం చూపిస్తున్నయో రాయమని అసైన్‌మెంట్ ఇచ్చిండ్రు. ఏం రాయాలె?" ఇలాంటి ప్రశ్నకు గైడుల్లో దొరికే జవాబు మనందరికీ తెలిసిందే. ఒక పక్క లాభాలు, ఒక పక్క నష్టాలు, చివరికి యువత విచక్షణతో మెలగాలని ఒక వాక్యం. మార్కులు కూడా బాగానే వస్తాయి. కానీ సినిమా పైన ఉంటుంది, సమాజం కింద ఉంటుంది, పైనుంచి కిందికి ఏదో కారుతూ ఉంటుంది అని ముందే ఒప్పేసుకుని అడిగే ప్రశ్న అది. కింది నుంచి పైకి ఏం పోయింది, ఎవరి ఇంట్లోంచి పోయింది, పోయినదానికి బదులు ఏం వచ్చింది అని ఎవరూ అడగరు. ఈ భాగం ఆ చెల్లె కోసం రాస్తున్నా. కొంచెం పొడుగవుతుంది, ఓపిక పట్టండి.

బలగం దగ్గర మొదలుపెడదాం. 2023 మార్చి 3న విడుదలైంది. దర్శకుడిగా వేణు యెల్దండికి మొదటి సినిమా. పెద్ద హీరో లేడు, ఫైట్లు లేవు. కొమురయ్య అనే ముసలాయన చనిపోతాడు. పిట్టకు పెట్టిన కూడు కాకి ముట్టదు. ఎప్పుడో నల్లి బొక్క దగ్గర మొదలైన పంచాయితీ బిడ్డ కుటుంబాన్ని పుట్టింటికి దూరం చేసి ఉంటుంది. ఆ ఎండాకాలం తెలంగాణ పల్లెల్లో ఏం జరిగిందో మీలో చాలామంది కళ్ళతో చూసే ఉంటారు. పంచాయతీ ఆఫీసు ముందు, బడి ఆవరణలో తెరలు కట్టి ఊరంతా చాపలు పరుచుకుని కూర్చున్నారు. మాటల్లేని అన్నదమ్ములు సినిమా చూసి కలిసిపోయారని నిర్మల్ జిల్లా నుంచి వార్త వచ్చింది. తెలుగులో ఈ మధ్య సినిమా ప్రభావానికి ఇంతకంటే గట్టి సాక్ష్యం నాకు కనబడలేదు. ఊళ్ళలో ఇలా ఉచితంగా ఆడించడం ఆపించాలని నిర్మాణ సంస్థ తరఫున నిజామాబాద్ ఎస్పీకి ఫిర్యాదు కూడా వెళ్ళింది. చట్టప్రకారం వాళ్ళకు ఆ హక్కుంది, కాదనను. ఆ 'హక్కు' అన్న మాటను మాత్రం పక్కన పెట్టుకోండి, మళ్ళీ పనిపడుతుంది.

ఆ సినిమాలో జనం ఏడ్చింది ఎక్కడ? చివరి పావుగంట. పెద్దకర్మ రోజు బుడగజంగాల జంట వచ్చి, చనిపోయినాయన బతుకును పాటగా కట్టి, కూర్చున్న ఒక్కొక్కరినీ వరస పెట్టి పిలుస్తూ పాడతారు. ఆ జంట నటులు కాదు. వరంగల్ జిల్లా దుగ్గొండికి చెందిన పస్తం మొగిలయ్య, కొమురమ్మ. తెర మీద వాళ్ళు చేసింది వాళ్ళ కులవృత్తే. ఇంటి మనిషి పోయినప్పుడు శారద మీటుతూ, బుర్ర వాయిస్తూ ఆ మనిషి కష్టసుఖాలు పాడటం, బతికున్నవాళ్ళ మధ్య ఉన్న ముడులు విప్పటం తరాలుగా బుడగజంగాల పని. కూతురు ఏడవకుండా బిగబట్టుకుని ఉంటే ఏ మాట దగ్గర ఏడుస్తుందో, కొడుకు తల ఎక్కడ దించుతాడో వాళ్ళకు తెలుసు. సినిమా ఆ పనిని కెమెరా ముందుకు తెచ్చింది. బాగా తెచ్చింది కూడా, ఆ మాట దాచను. కానీ నిర్మల్ జిల్లా అన్నదమ్ములను కలిపిన శక్తి సినిమాదని రాస్తే మాత్రం లెక్క తప్పుతుంది. ఆ శక్తి కెమెరా పుట్టకముందు నుంచి మన కల్లాల్లో, వాకిళ్ళలో తిరుగుతూనే ఉంది, జోలె పట్టుకుని.

సినిమా వచ్చిన కొన్నాళ్ళకే మొగిలయ్య మూత్రపిండాలు పాడయ్యాయి. డయాలసిస్. కంటి చూపు మందగించింది. పేపర్లలో వార్తలు వచ్చాక ప్రభుత్వం కొంత, సినిమావాళ్ళు కొంత సాయం చేశారు. 2024 డిసెంబరు 19న ఆయన చనిపోయాడు. ఎవరు ఎంత ఇచ్చారన్న లెక్క నాకు ముఖ్యం కాదు. వార్తలన్నిటిలో కనబడిన మాట ఒక్కటే: 'సాయం'. పాటకు జనం ఇంత విలువ కట్టాక కూడా ఆ పాట పాడినాయనకు ఆసుపత్రిలో దక్కింది ఇతరుల దయ. అడిగి తీసుకోదగ్గ బాకీ ఒకటుందని ఎవరికీ తట్టలేదు.

ఇంకో మొగులయ్య ఉన్నాడు. నాగర్‌కర్నూల్ జిల్లా లింగాల మండలం అవుసలకుంటకు చెందిన దర్శనం మొగులయ్య. డక్కలి కులస్థుడు. పన్నెండు మెట్ల కిన్నెర వాయిస్తాడు. వెదురు కర్ర, ఎండిన సొరకాయ బుర్రలు, మెట్లు నిలబెట్టడానికి తేనె మైనం. ఇంట్లో చేసుకునే వాయిద్యం అది. దాని మీద ఆయన పాడేది పండుగ సాయన్న లాంటి పాలమూరు వీరుల కథలు. 2021 సెప్టెంబరు 2న భీమ్లా నాయక్ పాట విడుదలైనప్పుడు మొదట వినిపించేది ఆయన గొంతు, ఆయన కిన్నెర. 2022 జనవరిలో పద్మశ్రీ వచ్చింది. రాష్ట్ర ప్రభుత్వం కోటి రూపాయలు, ఇంటి స్థలం ప్రకటించింది. 2024 మే నెలలో అదే మనిషి హైదరాబాద్ శివార్లలోని తుర్కయంజాల్ దగ్గర ఇల్లు కట్టే చోట కూలిపని చేస్తూ కనబడ్డాడు. నెలనెలా వచ్చే పదివేల గౌరవ వేతనం ఆగిపోయిందని చెప్పాడు. టీవీలు ఒక పూట గోల చేశాయి. కోటి రూపాయలు ఏం చేశాడని సోషల్ మీడియాలో ఎగతాళి చేసినవాళ్ళూ ఉన్నారు. సినిమా హీరో తన కోటి ఏం చేశాడని మనం ఎప్పుడైనా అడిగామా?

ఇక్కడ చరిత్రలో కొంచెం వెనక్కి పోవాలి. లేకపోతే ఈ రెండు కథలూ ఇద్దరు అభాగ్యుల కథలుగా మిగిలిపోతాయి.

మన దళిత కులాలకు ఆశ్రిత కులాలున్నాయి. మాదిగలకు చిందు, డక్కలి, మాష్టి, నులకచందయ్య. మాలలకు మాలజంగం, మిత్తల అయ్యవార్లు, గుర్రం. ఇలా ఒక్కో కులానికీ కథ చెప్పేవాళ్ళు, ఆట ఆడేవాళ్ళు వేరే ఉన్నారు. చిందువాళ్ళు, డక్కలివాళ్ళు చెప్పేది జాంబపురాణం. సృష్టికి ముందే పుట్టిన జాంబవంతుని సంతతి మాదిగలు అని, బ్రాహ్మణునితో ఎదురు నిలబడి వాదించే పురాణం. బడిలో మనకు చరిత్ర లేదని చెప్పిన కాలంలో కూడా వాడల్లో ఆ పురాణం బతికే ఉంది. కథ చెప్పే ఆ కుటుంబాలకు మిరాశీ ఊళ్ళు ఉండేవి. ఫలానా ఊరి మాదిగ వాడ ఫలానా చిందు కుటుంబానిది. ఇంకో మేళం వచ్చి అక్కడ ఆడకూడదు. వచ్చినప్పుడు ఇచ్చేదాన్ని భిక్షం అనరు, 'త్యాగం' అంటారు. ఇవ్వకపోతే అలిగి, వాకిట్లో కూర్చుని, తిట్లు కూడా పాటగా పాడే అధికారం వాళ్ళకుండేది. చిందువాళ్ళకు త్యాగం ఎగ్గొట్టినవాడు కులంలో తలెత్తుకోలేకపోయేవాడు.

ఇది చెప్పి పాతకాలం బంగారుకాలం అంటానని అనుకోకండి. అంటరానితనంలో పుట్టిన మనం డక్కలివాళ్ళను మన గడప దాటనీయలేదు. మన కథ చెప్పినవాడికి మన బావి దగ్గర నీళ్ళు లేవు. గుడారాల్లో బతికి, ఊరి చివర వండుకుని, పిల్లలను బడికి పంపలేకపోయారు. త్యాగం ఎంత హక్కయినా చెయ్యి చాచి తీసుకోవాల్సిన హక్కే. అంబేడ్కర్ చెప్పిన మెట్ల మీద మెట్లు అంటే ఇదే: పైమెట్టు మన నెత్తిన, మన పాదం ఇంకొకరి నెత్తిన. ఇవాళ ఎస్సీ వర్గీకరణలో డక్కలి, బుడగజంగం కులాలను మొదటి గ్రూపులో పెట్టారు. అది ఎందుకు న్యాయమో అర్థం కానివాళ్ళు ఒక్కరోజు ఆ గుడారాలకు వెళ్ళి రావాలి.

అయినా ఆ వ్యవస్థలో ఒక నియమం స్పష్టంగా ఉంది. పాటకు సొంతదారు ఉన్నాడు, విన్నవాడు బాకీపడతాడు. ఎన్నిసార్లు వింటే అన్నిసార్లు. చిందు మేళం పోయినేడు ఆడింది కదా, డబ్బులిచ్చేశాం కదా అని ఈ ఏడు ఊరికే చూడటం కుదరదు. ఇప్పటి భాషలో దాన్ని రాయల్టీ అంటారు. మన వాడల్లో చదువురాని పెద్దమనుషులకు తెలిసిన ఆ సూత్రం, సినిమా వచ్చాక మన కళాకారుల దగ్గరికి వచ్చేసరికి ఎట్లా మాయమైంది? నేను అడుగుతున్న ప్రశ్న అదొక్కటే.

సినిమా రాకముందే మనవాళ్ళకు వినోదం బలం తెలుసని కూడా చెప్పాలి. 1906లో హైదరాబాద్‌లో భాగ్యరెడ్డి వర్మ జగన్మిత్ర మండలి పెట్టి హరికథలు, భజనలు, ఉపన్యాసాలతో వాడవాడా తిరిగాడు. ఆయనకప్పుడు పద్దెనిమిదేళ్ళు. మీలో డిగ్రీ మొదటి సంవత్సరం పిల్లల వయసు. కరపత్రం చదవలేని జనానికి హరికథ చెప్పాలని ఆయనకు తోచింది. దేవుళ్ళ కథలకు వాడే ఆ రూపాన్ని తాగుడు మానమని, బడికి పంపమని, జోగినీ ఆచారం ఆపమని చెప్పడానికి మళ్ళించాడు. మన ఉద్యమం మొదటి మాస్ మీడియా అదే. అక్కడ గొంతు మనది, మాట మనది, వేదిక కూడా మనదే. తర్వాత వచ్చిన చరిత్రంతా ఈ మూడింటిలో ఒక్కొక్కటీ ఎప్పుడు, ఎవరి చేతికి పోయిందన్న లెక్కే.

1938లో మాలపిల్ల వచ్చింది. గూడవల్లి రామబ్రహ్మం దర్శకుడు, కథ చలం. బ్రాహ్మణ అబ్బాయి, మాల అమ్మాయి ప్రేమ, ఆలయ ప్రవేశ పోరాటం. తిరువాన్కూర్‌లో గుళ్ళ తలుపులు తెరిచిన ప్రకటన 1936 నవంబరులో వచ్చింది, దాని వేడి ఇంకా చల్లారని రోజులు. ధైర్యమైన సినిమాయే. పేరులోనే 'మాల' అన్న మాటను గోడల మీదికి ఎక్కించింది. కానీ కథ ముగిసే తీరు చూడండి. మంటల్లో చిక్కుకున్న సనాతన బ్రాహ్మణుని భార్యను దళితుడు ప్రాణాలకు తెగించి కాపాడితే, అప్పుడు ఆ పెద్దమనిషి మనసు కరుగుతుంది. మనం మనుషులమని రుజువు చేసుకోవడానికి అగ్నిప్రవేశం మనమే చేయాలి! మాలపిల్ల పాత్ర వేసిన కాంచనమాల మాలపిల్ల కాదు. అప్పటికి కొన్నేళ్ళ ముందే మలయాళంలో మొదటి మూకీలో నాయర్ స్త్రీ పాత్ర వేసిన దళిత నటి పి.కె. రోజీని ఊరినుంచి తరిమేశారు. మన పాత్ర వాళ్ళు వేస్తే సంస్కరణ, వాళ్ళ పాత్ర మనం వేస్తే అపచారం. మాలపిల్లలో మన బాధ తెర మీదికి వెళ్ళింది. మన గొంతు ఇంకా వెళ్ళలేదు.

గొంతు వెళ్ళింది మా భూమితో. గౌతమ్ ఘోష్ దర్శకుడు, బి. నర్సింగరావు, రవీంద్రనాథ్ నిర్మాతలు, 1980లో విడుదల. తెలంగాణ సాయుధ పోరాట కాలంలో బండి యాదగిరి కట్టిన పాటను ఆ సినిమాలో తెర మీద కనబడి పాడింది గద్దర్. తూప్రాన్‌లో దళిత కుటుంబంలో పుట్టిన గుమ్మడి విఠల్‌రావు. 1972లో మొదలైన జననాట్యమండలిలో ఆయన గొంగడి, గజ్జెలు, డప్పు కలిపి ఒక రూపం తయారుచేశాడు. బుర్రకథ అందులో ఉంది, ఒగ్గుకథ ఉంది, మన అమ్మల బతుకమ్మ పాట ఉంది. క్యాసెట్లొచ్చాక ఆ పాట పోలీసుల కన్నా వేగంగా ఊళ్ళు దాటింది. గూడ అంజయ్య ఊరి మీద హక్కు చాటుతూ రాసిన పాట కూడా అట్లాగే జనంలో పండి, తర్వాత ఆర్. నారాయణమూర్తి ఎర్రసైన్యం సినిమాకు వెళ్ళింది. ఈ దారిలో పాట జనం నుంచి సినిమాకు పోయింది, కవి పేరు మాత్రం పాటతో పాటే నడిచింది. ఉద్యమం వెనక ఉంది కాబట్టి పేరు చెరపడం ఎవరి తరమూ కాలేదు. మొగిలయ్య, కొమురమ్మల వెనక అలాంటి ఉద్యమం లేదు. తేడా అక్కడుంది.

గద్దర్ ఒరేయ్ రిక్షా సినిమాలో రాసిన పాటకు నంది అవార్డు వస్తే తీసుకోలేదు. ప్రభుత్వం ఇచ్చే సినిమా అవార్డు తనకొద్దన్నాడు. 1997 ఏప్రిల్ 6న ఆయన మీద కాల్పులు జరిగాయి. ఒంట్లో ఒక తూటాతోనే 2023 ఆగస్టు 6 దాకా బతికాడు. ఇప్పుడు తెలంగాణ ప్రభుత్వం ఇచ్చే సినిమా అవార్డుల పేరే గద్దర్ అవార్డులు.

ఆ అవార్డుల సభ జరిగింది మన పక్కనే. లింగంపల్లిలో ఎంఎంటీఎస్ ఎక్కితే చందానగర్, హఫీజ్‌పేట, మూడోది హైటెక్ సిటీ. అక్కడికి దగ్గర్లోనే హైటెక్స్. 2025 జూన్ 14న సభ. ఈ రైలు 2003లో మొదలైంది. అప్పటినుంచి సైబర్ టవర్స్‌నూ దాని చుట్టూ లేచిన గాజు మేడలనూ తుడిచేవాళ్ళు, కాపలా కాసేవాళ్ళు, వంట చేసేవాళ్ళు ఎక్కేది ఇందులోనే. తాండూరు, వికారాబాద్ వైపు నుంచి తెల్లవారుజామున దిగేవాళ్ళు, నారాయణఖేడ్ నుంచి, పాలమూరు నుంచి వచ్చి ఇక్కడే రేకుల గదుల్లో ఉండేవాళ్ళు. పొద్దున అడ్డా మీద మేస్త్రీ కోసం ఎదురుచూస్తూ చెవిలో పెట్టుకునే పాటలు ఎక్కువగా జానపదాలే. 2016లో జియో వచ్చాక చవక ఫోన్లో యూట్యూబ్ నిండా అవే. ఆ రైల్లో ఒకసారి నా పక్కన కూర్చున్న హౌస్‌కీపింగ్ అక్క ఒక సినిమా పాట వింటూ నవ్వి అన్నది: "ఇది మా అత్త నాట్లప్పుడు పాడేది తమ్మీ. మా అత్త పాట టీవీల ఎట్ల పడ్డదో." ఆ అత్తకు ఎవరూ ఫోన్ చేసి ఉండరు.

ఆ అవార్డుల్లో 2023 సంవత్సరానికి ఉత్తమ చిత్రం బలగం. అర్హత ఉన్న సినిమాకే ఇచ్చారు. అప్పటికి మొగిలయ్య పోయి ఆరు నెలలు. అదే ఆగస్టులో జాతీయ అవార్డులు ప్రకటించినప్పుడు బలగంలో పల్లె మీద రాసిన పాటకు కాసర్ల శ్యామ్‌కు ఉత్తమ గేయరచయిత అవార్డు వచ్చింది. ఆయన కలానికి అది దక్కాల్సిందే, సంతోషం. చివరి పావుగంటలో ఊరినంతా ఏడిపించిన పాటకు ఏ విభాగంలో అవార్డు ఇవ్వాలి? వంశపారంపర్యంగా వచ్చిన కథన పద్ధతికి అవార్డుల ఫారంలో గడి లేదు.

గడి లేకపోవడం చిన్న విషయం కాదు. క్యాసెట్ల కాలం నుంచి మనం చూస్తున్న ఒక మాట ఉంది: 'సేకరణ'. పాట పక్కన రచన ఫలానా, సంగీతం ఫలానా, సేకరణ ఫలానా అని ఉంటుంది. సేకరించినాయనకు పేరుంటుంది, ఎవరి దగ్గర సేకరించాడో వాళ్ళకు ఉండదు. ఇంకా ముదిరితే 'సంప్రదాయం' అని రాస్తారు, అంటే ఎవరిదీ కాదని. 2021లో లవ్ స్టోరీ సినిమాలో సారంగదరియా పాట వచ్చినప్పుడు గొడవ గుర్తుందా? అంతకు ముందు టీవీలో 'రేలా రే రేలా' కార్యక్రమంలో ఆ జానపదాన్ని పాడిన కోమల అనే గాయని ముందుకొచ్చి ప్రశ్నించింది. దర్శకుడు శేఖర్ కమ్ముల ఆమెకు క్రెడిట్, డబ్బు ఇస్తామని ప్రకటించాడు. నోరు విప్పి అడిగింది కాబట్టి దక్కింది. ఆమె అడగగలిగింది, ఎందుకంటే ఆమె పాడిన వీడియో ఉంది, చూసిన జనం ఉన్నారు. ఆమెకంటే ముందు పొలాల్లో పాడిన ఆడవాళ్ళకు వీడియో లేదు.

యూట్యూబ్ దీన్ని మార్చిందా అంటే, కొంత మార్చింది. ఊళ్ళో కూర్చుని పాడి నేరుగా జనానికి చేరే దారి ఏర్పడింది, మన పిల్లలు చాలామంది దాంట్లో బతుకుతున్నారు. కానీ యూట్యూబ్ యంత్రం ఎవరి శబ్దం తన రిజిస్టర్లో ఉందో వాళ్ళనే యజమాని అనుకుంటుంది. సినిమా ఆడియో కంపెనీ పాటను నమోదు చేసుకుంటే దానికి కలిసే శబ్దం ఎక్కడ దొరికినా ఆ కంపెనీ పేరు మీద క్లెయిమ్ పడుతుంది. ముత్తాత నుంచి వచ్చిన బాణీ అని ఆ యంత్రానికి చెప్పే బటన్ లేదు.

ఇది మన దగ్గరే జరిగిన సంగతి కూడా కాదు. దక్షిణాఫ్రికాలో సోలమన్ లిండా అనే జులూ కార్మికుడు 1939లో జొహన్నెస్‌బర్గ్‌లో 'ంబుబే' అని ఒక పాట రికార్డు చేశాడు. జులూ భాషలో సింహం అని అర్థం. తాను పనిచేసే గాలో రికార్డు కంపెనీకే పది షిల్లింగులకు హక్కులు అమ్మేశాడు. ఆ పాట అమెరికా వెళ్ళి, పేర్లు మార్చుకుని, 1961లో టోకెన్స్ బృందం గొంతులో ప్రపంచమంతా తిరిగి, 1994లో డిస్నీ లయన్ కింగ్ సినిమా దాకా వచ్చింది. లిండా 1962లో పేదవాడిగానే చనిపోయాడు. ఆయన కూతుళ్ళు కోర్టుకెక్కి పోరాడితే 2006లో ఒప్పందం కుదిరి, రావలసిన రాయల్టీలో వాటా వచ్చింది. అరవై ఏడేళ్ళు పట్టింది, కానీ వచ్చింది. లిండా బిడ్డలు సాయం అడగలేదు. లెక్క అడిగారు.

మన దగ్గర లెక్క అడగడానికి చట్టం ఉందా? ఉంది. చాలామంది కార్యకర్తలకు కూడా తెలియదు కాబట్టి కొంచెం వివరంగా చెప్తా. 1957 నాటి కాపీరైట్ చట్టానికి 2012లో సవరణ వచ్చింది. దాని 38ఎ సెక్షన్ ప్రకారం, కళాకారుడు రాతపూర్వకంగా ఒప్పుకుని తన ప్రదర్శనను సినిమాలో చేర్చనిచ్చినా, దాన్ని వాణిజ్యపరంగా వాడుకున్నప్పుడు రాయల్టీకి అతనికి అర్హత ఉంటుంది. ప్రదర్శకుల హక్కు 50 ఏళ్ళు. ప్రదర్శకుడంటే ఎవరు? చట్టంలో జాబితా ఉంది: నటుడు, గాయకుడు, వాద్యకారుడు, నర్తకుడు, దొమ్మరాట ఆడేవాడు, గారడీవాడు, పాములు ఆడించేవాడు కూడా. చదివితే మన సంచార కులాలను పిలిచినట్టే ఉంటుంది.

కానీ అదే నిర్వచనం కింద ఒక మెలిక పెట్టారు. సినిమాలో ఎవరి ప్రదర్శన యాదృచ్ఛికమైనదో, పరిశ్రమ అలవాటు ప్రకారం టైటిల్స్‌తో సహా ఎక్కడా ఎవరి పేరు ప్రస్తావించరో, వాళ్ళను ప్రదర్శకులుగా లెక్కించరు. తన ప్రదర్శనను వికృతం చేస్తే అడ్డుకునే నైతిక హక్కు ఒక్కటి మాత్రం వాళ్ళకు మిగులుతుంది. ఇది రెండుసార్లు చదవండి. జాతర పాటలో డప్పు కొట్టే ఇరవై మంది మాదిగ పిల్లల పేర్లు టైటిల్స్‌లో వేయడం పరిశ్రమ అలవాటు కాదు. పేరు వేయరు కాబట్టి ప్రదర్శకులు కారు. ప్రదర్శకులు కారు కాబట్టి రాయల్టీ లేదు. అలవాటే చట్టమైపోయింది. మన కులానికి ఇది కొత్త పాఠమేమీ కాదులెండి.

అందుకే టైటిల్స్‌లో పేరు గురించి అడిగితే పేరాశ అని కొట్టిపారేసేవాళ్ళతో నేను ఒప్పుకోను. ఆ ఒక్క గీత మీదే హక్కు ఉందో లేదో తేలుతుంది. గేయ రచయితలకు, సంగీత దర్శకులకు ఐపీఆర్‌ఎస్ ఉంది, గాయకులకు వాళ్ళ సంఘం ఉంది, వాటి ద్వారా రాయల్టీ వస్తుంది. ఒక్క సినిమాలో ఒక్క పాట పాడి, మళ్ళీ ఊరెళ్ళి జోలె పట్టుకునే బుడగజంగం వాటిలో సభ్యత్వం ఎట్లా తీసుకుంటాడు? బ్యాంకు ఖాతా, పాన్ కార్డు, ఇంగ్లీషు ఫారం. ఇవి మనం చేయగల పనులు. విప్లవం దాకా ఆగక్కర్లేదు.

పద్మశ్రీలు ఇవ్వొద్దని నేను అనడం లేదు. 2024లో చిందు యక్షగానం గడ్డం సమ్మయ్యకు, బుర్రవీణ వాయించే దాసరి కొండప్పకు ఇచ్చారు, కళ్ళనిండా చూసుకున్నాం. మెడల్ గోడ మీద ఉంటుంది, రాయల్టీ ఖాతాలో పడుతుంది. రెండూ కావాలి. మెడల్ ఇచ్చాం కదా అని ఖాతా సంగతి మూసేస్తేనే పేచీ.

చెల్లె, నీ అసైన్‌మెంట్‌కు ఒక పని చెప్తా. ఏదైనా ఒక సినిమా పాట తీసుకో, జానపద బాణీ ఉన్నది. టైటిల్స్‌లో ఎవరి పేర్లున్నాయో రాసుకో. తర్వాత మీ అమ్మమ్మ ఊరికి ఫోన్ చేసి ఆ బాణీ ముందు ఎవరి నోట విన్నారో అడుగు. ఏ కులంవాళ్ళు, ఏ సందర్భంలో పాడేవాళ్ళు, అప్పుడు వాళ్ళకు ఏం ఇచ్చేవాళ్ళు: గింజలా, గుడ్డలా, త్యాగమా. రెండు జాబితాలూ పక్కపక్కన పెట్టు. మీ సార్ మార్కులు వేస్తాడో లేదో చెప్పలేను. కూటమికి మాత్రం పట్టుకురా, మేం దాచిపెడతాం.

మిగతావాళ్ళకు: మీ మండలంలో చిందు, డక్కలి, బుడగజంగం, మాష్టి కుటుంబాలకు సినిమావాళ్ళ నుంచో, యూట్యూబ్ చానెళ్ళ నుంచో కబురు వస్తే సంతకం పెట్టకముందు మాకు ఒక ఫోటో పంపమనండి. టైటిల్స్‌లో పేరు, పాట ఏయే వేదికల్లో వాడుకుంటారు, వాణిజ్య వాడకానికి రాయల్టీ, తెలుగులో ఒక ప్రతి. ఈ నాలుగూ లేకుండా వేలిముద్ర వేయొద్దని చెప్పండి. మా కూటమిలో లా చదివే పిల్లలు ఇద్దరున్నారు, చదివి చెప్తారు, పైసా తీసుకోరు.

వచ్చే భాగం డప్పు గురించి. చావు డప్పు మేం కొట్టమని తిరగబడ్డ ఊళ్ళు, అదే డప్పును పెళ్ళి బరాత్‌లో బుక్ చేసుకుంటున్న గచ్చిబౌలి ఫంక్షన్ హాళ్ళు. మీ ఊళ్ళో డప్పు మానేసిన కథ ఉంటే ఆదివారం లోపు రాసి పంపండి.

జై భీం.